ముప్ఫయ్యో పూత

నవంబరు 4, 2107. శుక్రవారం

బందరు రంగరేజుల వీధిని సముద్రానికి వదిలేసే తేదీని ఈ ఉదయం తొమ్మిది గంటలకు ముందుకు జరిపారు. నెలాఖరున ఎత్తాల్సిన తూర్పు కట్ట తలుపులను వచ్చే గురువారం, పదో తేదీ ఉదయం ఆరింటికే ఎత్తుతారు. కట్ట ఇక ఆగదని, అది తెగేలోపు నీటిని మెల్లగా లోపలికి వదిలితే పడమటి పేటలైనా మిగులుతాయని ఇంజనీర్లు చెప్పారు. గురువారం మధ్యాహ్నానికి ఈ వీధిలో నిలువెత్తు నీళ్ళుంటాయి.

వీధిలో ఇంకా మనుషులున్న ఇల్లు ఒక్కటే. దాన్ని అద్దకం మేడ అంటారు. వీధి ఖాళీ అయ్యేదాకా ఇక్కడి సంగతులు రాసి పంపమని మా పత్రిక నన్ను పంపింది. నాకు మేడ మీద ముందు గది ఇచ్చారు.

మేడను బట్టల వర్తకుడెవరో కట్టించాడు. కింద పొడవాటి హాలులో బల్లలు వేసి చీరల మీద అచ్చులు అద్దేవారు. ముందు అరుగు మీద బర్మా టేకు స్తంభాలు ఆరు ఉండేవి, ఇప్పుడు నాలుగున్నాయి. మిగతా రెండు చోట్ల ఇటుక కట్టారు. హాలు గోడకు మోకాలి ఎత్తు వరకు ఎర్రటి మరక ఉంది. ఎన్ని పూతలు వేసినా పైకి తేలుతూనే ఉంటుందట. అద్దకం పోయాక హాలులో అచ్చాఫీసు నడిచింది, తర్వాత ట్యుటోరియల్. ఆ తర్వాత తడికెలతో, అరఇటుక గోడలతో హాలును వాటాలుగా చేసి అద్దెకిచ్చారు. ఒకప్పుడు ఎనిమిది కుటుంబాలుండేవి. మెట్లు నిట్టనిలువుగా ఉంటాయి. పట్టుకోవడానికి కమ్మీ బదులు పై దూలం నుంచి ఓడతాడు వేలాడుతోంది.

ఇప్పుడున్నది ఇద్దరు. కింది తూర్పు వాటాలో కరుణమ్మ, యాభై అయిదేళ్ళు, బట్టలు కుడుతుంది. మేడ మీద కనకరత్నం గారు, డెబ్బయ్యేళ్ళు, ఒంటరి మనిషి. పెళ్ళయి వచ్చిన కొత్తలో ఆవిడ కాపురం ఉన్నది కూడా ఆ కింది తూర్పు వాటాలోనే. తర్వాత మేడ మీదికి మారారు.

మూడో మనిషి ముక్తేశ్వర్. గోడల శాఖ పంపిన ముప్ఫయ్యేళ్ళ కుర్రాడు, ఊరు గుంటూరు. ఉదయం అందరం కలిసి బకెట్లతో కరుణమ్మ ఇంట్లోని ఉప్పునీళ్ళు తోడి పోశాం. రోజూ చేస్తున్న పనే, అయితే ఈ వారం నీళ్ళు గచ్చులోంచి కాక గోడల్లోంచి ఊరుతున్నాయి.

"తొందరగా తోడు బాబూ," అంది కరుణమ్మ. "గుంటూరోళ్ళకి నీళ్ళంటే తాగడమే తెలుసు, తోడటం తెలీదు."

"మీ ఊళ్ళో నీళ్ళు తాగడానికీ పనికిరావు కదండీ," అన్నాడు అతను.

తేదీ మారిన సంగతి అతనే చెప్పాడు. చెప్పాక ఇద్దరు ఆడవాళ్ళూ బకెట్లు కింద పెట్టారు. ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు.

నవంబరు 5, శనివారం

వాళ్ళు ఎందుకు మొహాలు చూసుకోలేదో ఈ రోజు తెలిసింది.

నిల్వలు చెరిగిన ఏడు అందరికీ గుర్తే. ఫోన్లలో, యంత్రాల్లో దాచుకున్న ఫొటోలు, గొంతులు పందొమ్మిదేళ్ళ కిందట ఒక్క వారంలో పోయాయి. సున్నం పూత ఆరేటప్పుడు దగ్గర్లోని చప్పుళ్ళను పట్టుకుంటుందని ఆ తర్వాతే బయటపడింది. వెల్ల వేసిన మొదటి పది పదిహేను రోజుల మాటలు ఆ పూతలో ఉంటాయి. మళ్ళీ ఏడాది ఇంకో పూత, ఇంకో పది రోజులు. రంగులు వేసుకున్న ఇళ్ళలో ఏమీ దొరకలేదు. ఏటా సున్నం కొట్టుకున్న పాత ఇళ్ళలోనే దొరుకుతోంది.

ముక్తేశ్వర్ యంత్రాన్ని చెవి అంటారు. ఇస్త్రీపెట్టెలా ఉంటుంది. గోడ మీద జానెడు జానెడు జరుపుతూ పోతే వేడికి పూత పొడిగా రాలుతుంది, రాలుతూ ఇచ్చే చప్పుడును యంత్రం పట్టుకుంటుంది. ఒక గోడ మీద ఒక పూత చదవడానికి పగలంతా కావాలి. చదవనక్కరలేని పూతల్ని తడి గుడ్డ వేసి నాననిచ్చి, రేకుతో గీకేస్తారు. తడి ఆరాకే చెవి పెట్టాలి. ఒకసారి గీకింది మళ్ళీ దొరకదు.

శాఖ నియమం ప్రకారం ఇంటికి ఒక గోడ. అద్దకం మేడకు కింది తూర్పు వాటాలోని గోడను రాసుకున్నారు. పై పూతలు కరుణమ్మ కుటుంబానివి. అడుగు పూతలు కనకరత్నం గారివి. నెలాఖరు దాకా గడువుంటే రెండూ చదివేవారు. గీకడానికి, ఆరబెట్టడానికి పట్టే రోజులు పోగా ఇప్పుడు ఒక్క పూతకే సమయముంది. ఏ పూతో చెప్పే హక్కు ప్రస్తుతం అద్దెకున్న మనిషిది, అంటే కరుణమ్మది.

కరుణమ్మకు కావలసింది తండ్రి దావీదు గొంతు. ఆయన దర్జీ. ఆ గోడ పక్కనే మిషను పెట్టుకునేవాడు. పోయి పదిహేనేళ్ళయింది.

కనకరత్నం గారికి కావలసింది కూతురు గొంతు. పాప పేరు వకుళ. నాలుగో ఏడు వచ్చినా మాట రాలేదు. మాట రాదనే డాక్టర్లు చెప్పారు. 2064 దసరాకు వెల్ల వేస్తుంటే తడి గోడ మీద అరచెయ్యి పెట్టబోయింది. "చెయ్యి కాలుద్దే" అని ఈవిడ అరిచారు. పాప వెనక్కి తిరిగి "అమ్మా" అంది. ఆ తర్వాత నెల రోజులు నోరు మూయలేదు. పిల్లిని, కుంచెను, బకెట్‌ను, దేన్ని చూపిస్తే దాన్నల్లా పేరు పెట్టి పిలిచింది. కార్తీకంలో జ్వరం వచ్చి, మూడో రోజు పోయింది. ఫోన్లో ఉన్న రెండు ముక్కలూ నిల్వలతోపాటు చెరిగిపోయాయి.

"కరుణమ్మను అడిగారా?" అన్నాను.

"ఏమని అడగను? నీ తండ్రిని గీకేసి నా బిడ్డని తియ్యమనా?" అన్నారు. తర్వాత బియ్యం ఏరుకుంటూ కూర్చున్నారు.

సాయంత్రానికి గోడ చెమ్మ ఎర్ర మరకను దాటింది. ముక్తేశ్వర్ సుద్దముక్కతో గీత గీశాడు. చెమ్మ ఎక్కిన మేర చెవి పనిచేయదు.

"పసిపిల్లల మాట వాళ్ళ ఎత్తులోనే బాగా దిగుద్దండీ," అన్నాడు నాతో, మెల్లగా. "ఇంకో మూడు రోజులైతే ఆ ఎత్తు కూడా ఉండదు."

ఆ మాట ఇద్దరు ఆడవాళ్ళకూ వినపడిందనే అనుకుంటున్నాను. వాటాల మధ్య గోడలు పల్చన.

నవంబరు 6, ఆదివారం

కరుణమ్మ పడమటి పేట చర్చికి పడవలో వెళ్ళి, పన్నెండింటికి తిరిగొచ్చింది. చీర మార్చుకోకుండానే తాడు పట్టుకుని మెట్లెక్కింది. కనకరత్నం గారు పప్పు తాలింపు వేస్తున్నారు.

"పిన్నిగారూ, మీ పూత చదివిద్దాం," అంది.

కనకరత్నం గారు వెనక్కి తిరగలేదు. "మీ నాన్న?"

"మా నాన్న మాట నలభై ఏళ్ళు విన్నాను. తిట్లతో సహా గుర్తుంది. మీరు విన్నది నెల."

"నువ్వు తర్వాత బాధపడతావే."

"పడతాను. మీరు పడట్లా?" పొయ్యి వైపు చూసింది. "తాలింపు మాడుతోంది చూడండి."

భోజనాలు నలుగురం అక్కడే చేశాం. తిన్నాక ముక్తేశ్వర్ కిందికి దిగి గోడ మూలన ఏటవాలుగా చిన్న గాటు పెట్టాడు. భూతద్దంలోంచి చూస్తే పూతలు వరసగా కనిపిస్తాయి. సున్నంలో కలిపిన నీలిమందు గీత ఒకటి, దాని మీద ఏడాది పొగమసి ఒకటి. బయటి నుంచి లోపలికి లెక్కపెట్టాలి. ఏ పూత ఏ ఏడాదిదో ఇంట్లోవాళ్ళే చెప్పాలి.

"మీరు ఏటా వేశారా అండీ?" అని కరుణమ్మను అడిగాడు.

"ప్రతి క్రిస్మస్‌కీ. డెబ్బయ్యొకటిలో ఈ వాటాలోకి వచ్చాం. తొంభైనాలుగు దాకా వేశాం. ఆ తర్వాత బందరుకు సున్నం రావడం ఆగిపోయింది."

"మధ్యలో ఎప్పుడైనా మానేశారా?"

"నాన్న పోయిన ఏడు కూడా వేశాం. ప్రార్థనకు జనం వస్తారని."

"అంటే ఇరవై నాలుగు. మీరో మామ్మగారూ?"

"మా అత్తగారు దసరా వస్తే ఊరుకునేదా?" అన్నారు కనకరత్నం గారు. "ఒంట్లో బాగోలేకపోయినా కుర్చీ వేసుకుని కూర్చుని వేయించేది. డెబ్బయ్యో ఏడు దాకా వేశాం, పైకి మారే ముందు."

అతను వేళ్ళ మీద లెక్కపెట్టాడు. డెబ్బయ్యో ఏటిది ఇరవై అయిదో పూత. అరవై తొమ్మిదిది ఇరవై ఆరు. అలా వెనక్కి వస్తే అరవై నాలుగుది ముప్ఫయ్యొకటి. కరుణమ్మ కూడా లెక్కపెట్టింది. నేనూ లెక్కపెట్టాను. ముగ్గురికీ ముప్ఫయ్యొకటే వచ్చింది.

నవంబరు 7, సోమవారం

ముప్ఫై పూతలు గీకడానికి పొద్దున్న మొదలుపెట్టి సాయంత్రం దాకా పట్టింది.

మొదటి ఇరవై నాలుగూ తనే గీకుతానంది కరుణమ్మ. ముక్తేశ్వర్ రేకు పట్టుకోవడం నేర్పాడు. పూత నానాక అట్టలా లేస్తుంది. ఆమె పని తెలిసిన మనిషిలా గీకింది. ఒక చోట మాత్రం ఆగింది, కిటికీకి ఎడంపక్క. మిషను ఉండే చోటు.

"ఇక్కడ కూర్చునే పొద్దస్తమానం పాటలు పాడేవాడు," అంది. "ఒక్కటీ పూర్తిగా వచ్చేది కాదు. మధ్యలో దారం తెగేది. పాట ఆపి దారాన్ని తిట్టి, మళ్ళీ మొదటి నుంచి ఎత్తుకునేవాడు."

"ఏం తిట్టేవాడు?" అన్నాడు ముక్తేశ్వర్.

"నీకు చెప్పే తిట్లు కాదు బాబూ."

నవ్వి, మళ్ళీ గీకింది. అట్టలు రాలి కాళ్ళ దగ్గర పడ్డాయి.

ఇరవై అయిదు నుంచి ముప్ఫై దాకా ముక్తేశ్వర్ గీకాడు. అవి కనకరత్నం గారి సొంత ఏళ్ళు. పాప లేని ఏళ్ళు అన్నారావిడ. "గీకెయ్యి బాబూ, వాటిల్లో ఏముంది," అన్నారు. అయినా గుమ్మంలోంచి కదల్లేదు.

గీకిన సున్నమంతా బస్తాకెత్తాం. వీధి నీళ్ళు, అరుగు కన్నా పల్లంగా ఉన్న ఈ వాటా పక్క గడప మీదికి వస్తుండటంతో బస్తాను అడ్డం వేద్దామన్నాడు ముక్తేశ్వర్. అతనూ నేనూ చెరో అంచు పట్టుకుని గడప బయట వేశాం. కాసేపటికి అది నీళ్ళు పీల్చుకుని బరువుగా కూలబడింది. ఆ తర్వాత నీళ్ళు లోపలికి రావడం తగ్గింది.

తడి ఆరడానికి గోడ ముందు రాత్రంతా బొగ్గుల కుంపట్లు పెట్టారు.

నవంబరు 8, మంగళవారం

చెమ్మ గీత ఉదయానికి తొడ ఎత్తుకు వచ్చింది. దానిపైన నాలుగేళ్ళ పిల్ల తల ఉండే మేర జానెడు పొడి గోడ మిగిలింది. అక్కడి నుంచే మొదలుపెట్టాడు ముక్తేశ్వర్. పనిచేస్తున్నంతసేపూ ఎవరం మాట్లాడలేదు. యంత్రం పని చేసేటప్పుడు చుట్టుపక్కల చప్పుడు ఉండకూడదు. కనకరత్నం గారు బయట అరుగు మీద, టేకు స్తంభానికి ఆనుకుని కూర్చున్నారు. మధ్యాహ్నం అన్నం తినలేదు.

సాయంత్రం అయిదింటికి ముక్తేశ్వర్ ఆవిడను లోపలికి పిలిచాడు. కరుణమ్మ కుర్చీ వేసింది.

మొదట కుంచె చప్పుడు వచ్చింది. గోడ మీద తడి కుంచె రాసుకునే చప్పుడు, బకెట్ హ్యాండిల్ చప్పుడు. తర్వాత ఒక ముసలావిడ గొంతు: "మూల వదిలేశావు, మూల." కనకరత్నం గారు చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వారు. "మా అత్తగారు," అన్నారు.

తర్వాత ఒక పడుచు గొంతు వచ్చింది. అది ఎవరిదో పోల్చుకోవడానికి నాకు కాస్త సమయం పట్టింది.

"అమ్మ అను. అ... మ్మ. నోరు తెరువు తల్లీ. ఇలా చూడు. అమ్మ."

జవాబు లేదు. ఎవరో చప్పట్లు కొట్టారు, చిన్న చేతులు. పిల్ల నవ్వు.

"నవ్వడం కాదమ్మా. అను. అమ్మ."

మళ్ళీ నవ్వు. ముసలావిడ గొంతు: "దానికి వచ్చినప్పుడు వస్తాయిలే మాటలు. నువ్వెళ్ళి పొయ్యి సంగతి చూడు."

ఇంకా చాలా ఉంది. పడుచు గొంతు మళ్ళీ మళ్ళీ అదే మాట అడిగింది. మధ్యలో గిన్నెలు, కుక్కర్ కూత, వీధిలో ఎవరో కేక. పిల్ల గొంతు నవ్వుగా, మూలుగుగా, ఒకసారి ఏడుపుగా వినిపించింది. మాటగా వినిపించలేదు.

కనకరత్నం గారి నవ్వు ఎప్పుడో ఆగిపోయింది. యంత్రం ఆగాక కూడా వింటున్నట్టే కూర్చున్నారు.

"ఇది ముందేడు," అన్నారు. "అరవై మూడు. అప్పటికి దానికి మాట రాలేదు."

ముక్తేశ్వర్ భూతద్దం తీసుకుని మూల గాటు దగ్గరికి వెళ్ళాడు. దీపం దగ్గరగా పెట్టుకుని రెండుసార్లు లెక్కపెట్టాడు. గీకినవి ముప్ఫై. చదివింది ముప్ఫయ్యొకటి. తప్పు లేదు.

"మామ్మగారూ," అన్నాడు. "ఏ ఏడన్నా వెల్ల వేయలేదా?"

అతను ఇంకోసారి అడగబోతుంటే కరుణమ్మ అతని భుజం మీద చెయ్యి వేసి ఆపింది.

"పాప పోయిన మరుసటేడు మేం పండగ చేయలేదు," అన్నారు కనకరత్నం గారు. "పసిదానికి ఏడాది పట్టక్కర్లేదు, పండగ చేసుకోవచ్చని అందరూ అన్నారు. మా అత్తగారు ఒప్పుకోలేదు. ఏడాది తిరిగేదాకా ఈ ఇంట్లో తోరణం లేదు, పిండివంట లేదు అంది."

"సున్నం?"

"పండగే లేకపోతే సున్నం ఎందుకు వేస్తారు బాబూ?"

ముక్తేశ్వర్ భూతద్దం జేబులో పెట్టుకున్నాడు. "మా ఇంట్లోనూ అంతేనండీ," అన్నాడు. "మా తాతయ్య పోయినప్పుడు మేమూ వేయలేదు. నాకు తట్టలేదు."

అరవై అయిదుకు పూత లేదు. కాబట్టి అరవై నాలుగుది ముప్ఫయ్యోది. దాన్ని నిన్న మధ్యాహ్నం మూడు, నాలుగు గంటల మధ్య రేకుతో గీకేశాం.

కరుణమ్మ దీపం తీసుకుని బయటికి వెళ్ళింది. నేను వెనకే వెళ్ళాను. గడప బయట బస్తా సగానికి సగం తగ్గిపోయి ఉంది. కుట్టు విడిపోయిన చోటు నుంచి తెల్లటి నీళ్ళు వీధిలోకి పాలలాగా సాగుతున్నాయి. ఆమె వంగి రెండు చేతులతో లోపలున్నది తీసి చూసింది. జావ.

"ఇందులోంచి ఏమన్నా వస్తుందా బాబూ?" అని లోపలికి కేక వేసింది.

"రాదండీ," అన్నాడు ముక్తేశ్వర్.

చేతులు వీధి నీళ్ళలోనే కడుక్కుంది. లోపలికి వచ్చి దీపం కింద పెట్టింది. కరుణమ్మ వదులుకున్నది గుర్తొచ్చి కాబోలు, కనకరత్నం గారే ముందు మాట్లాడారు.

"మీ నాన్నను కూడా పోగొట్టానే కరుణా."

"మీరెక్కడ పోగొట్టారు? గీకింది నేను." కుర్చీ పక్కన నేల మీద కూర్చుంది. "లేవండి, కాస్త మజ్జిగన్నం తిందురుగాని."

"ఇంకోసారి పెట్టమను."

ముక్తేశ్వర్ మళ్ళీ పెట్టాడు. ఈసారి ఆవిడ కళ్ళు మూసుకుని విన్నారు. తన గొంతు వచ్చినప్పుడల్లా తల అడ్డంగా ఊపారు, ఊరుకోవే అన్నట్టు. నవ్వు దగ్గర మాత్రం చెయ్యి ఎత్తి, అక్కడే మళ్ళీ పెట్టమన్నారు.

"నవ్వు మాత్రం అదే," అన్నారు. "మాట వచ్చాక కూడా ఇలాగే నవ్వేది."

నవంబరు 9, బుధవారం

ఖాళీ చేసే పడవ పదకొండింటికి వచ్చింది. సామాను తక్కువ. కరుణమ్మ కుట్టుమిషను ఎక్కించడానికే శ్రమ పడ్డాం. నీళ్ళు అరుగు మెట్లు దాటి స్తంభాల అడుగును తాకుతున్నాయి. తలుపులు వేయాలా వద్దా అని కరుణమ్మ అడిగింది. తెరిచి ఉంచితే గోడల మీద ఒత్తిడి తగ్గి ఇంకొన్నాళ్ళు నిలబడతాయని పడవవాళ్ళు చెప్పారు. తెరిచే ఉంచాం. పడవ కదిలాక ఇద్దరిలో ఎవరూ మేడ వైపు చూడలేదు. వీధి మలుపులో నేను చూశాను. మేడ మీద దండెం తీయడం మరిచిపోయారు, దాని మీద నీలం తువ్వాలు ఒకటి ఉంది.

ముక్తేశ్వర్ తన నివేదికలో పూతలు గుర్తించడంలో పొరపాటు అని రాశాడు. కింద ఎవరి పొరపాటో రాసే చోట తన పేరు రాశాడు. కరుణమ్మ చదివి, తమ పేర్లు కూడా రాయమంది. అక్కడ ఒక్క పేరుకే చోటుందన్నాడు. చదివిన పూతలోని గొంతులను చిన్న డబ్బాలోకి ఎక్కించి కనకరత్నం గారి చేతికిచ్చాడు. రేపు అతను చిలకలపూడిలో ఇంకో ఇంటికి వెళతాడు. ఇకమీదట లెక్క మొదలుపెట్టే ముందు చావుల సంగతి అడుగుతానన్నాడు.

ముంపు జనానికి కట్టిన శిబిరం గుడివాడ అవతల ఉంది. వరసలుగా కొత్త గదులు, ఇంకా తడి ఆరని గచ్చు. ఇద్దరికీ కలిపి మూడో వరసలో ఏడో గది ఇచ్చారు. గోడలకు సున్నమే వేస్తారు, శాఖ ఆదేశం. ఇకమీదట కట్టే ఏ ఇంటికీ రంగు వేయరు.

సాయంత్రం శిబిరం గుమాస్తా వచ్చి, వెల్ల వేసేవాళ్ళు సోమవారం వస్తారని, గది ఖాళీ చేసి ఉంచాలని చెప్పాడు.

"మా గదికి వద్దు బాబూ," అన్నారు కనకరత్నం గారు.

"అందరికీ వేస్తారండీ. ఉచితమే."

"మాకు ఈ ఏడు పండగ లేదు."

గుమాస్తా ఆవిడను, తర్వాత కరుణమ్మను చూశాడు. "మరి ఈవిడకు క్రిస్మస్ వస్తోంది కదండీ?"

"నేను బయట చేసుకుంటాలే," అంది కరుణమ్మ. "పిన్నిగారు చెప్పినట్టే రాసుకో."

అతను రాసుకున్నాడు.

కట్ట తలుపులు రేపు ఉదయం ఆరింటికి ఎత్తుతారు. వెల్ల వేసే మనుషులు సోమవారం ఎనిమిదింటికి మూడో వరస మొదలుపెడతారు. ఆరో గది అయ్యాక ఎనిమిదో గదికి వెళతారు.